కల్పిత రాజ్యానికి గడియారం, 5వ పాఠం: కారుకుండ గీతలు

పోయిన పాఠంలో మన మడవసీమ రాజ్యానికి కారుకుండ, అంటే నీళ్లు కారేకొద్దీ కాలం చూపే కుండ, పెట్టుకున్నాం. చెరువు తూము పక్కన రాతిదిమ్మె, దాని మీద అడుగున చిల్లున్న నిలువు గోడల కుండ. నీరుగంటి దాన్ని చూసుకుంటూ నలుగురు రైతులకు వంతులవారీగా నీళ్లు వదులుతాడు. కుండ లోపల వంతుకొకటి చొప్పున గీతలు గీసి, ఒక పేజీ సన్నివేశం రాసి పంపమన్నాను. వచ్చినవన్నీ చదివాను. దాదాపు అందరూ గీతలు సమాన దూరంలో గీశారు, తప్పు మాత్రం మీది కాదు, నేనిచ్చిన బొమ్మలోనే తొందరలో స్కేలు పెట్టి అలా గీసేశాను. ప్రొద్దుటూరు నుంచి ఒకాయన నిజంగానే బకెట్‌కు చిల్లు పెట్టి చూసి, "అన్నా, మూడు వంతులు చకచకా అయిపోయినాయి, నాలుగోది ఎంతకీ కాదు, ఇంట్లో బకెట్ గురించి తిట్లు వేరే" అని రాశాడు. అందుకని ఈసారి చెప్పాల్సిన మునుగు గిన్నె (అడుగున చిల్లుతో నీళ్ల మీద తేలుతూ, నిండగానే మునిగే గిన్నె) పాఠం వెనక్కి పోయింది.

 

ఆ ఉత్తరం చూశాక నేనూ కడపలో మా మిద్దె మీద పాత పెయింటు డబ్బా ఒకటి తీసుకుని, అడుగుకు కాస్త పైన పక్కగోడకు కాల్చిన మేకుతో చిల్లు పెట్టి, బండ అంచున పెట్టి కూర్చున్నా. మొదట్లో ధార జానెడు దూరం ఎగిరి పడింది. నీళ్లు బాగా తగ్గాక బెత్తెడు. చివర్లో ఎగరడం మానేసి డబ్బా గోడకే అంటుకుని జారింది, ఆ తర్వాత చుక్కలు. కారణం ఇంతే: పైన నీళ్లెక్కువ ఉంటే చిల్లు దగ్గర ఒత్తిడి ఎక్కువ, నీళ్లు తగ్గేకొద్దీ తోసే బలమూ తగ్గుతుంది. నిలువు గోడల కుండ ఖాళీ కావడానికి గంట పడుతుందనుకోండి. మీరు గీసిన సమాన గీతల ప్రకారం మొదటి పావు 8 నిమిషాల్లో దిగిపోతుంది, రెండో పావు తొమ్మిదిన్నర, మూడోది పన్నెండున్నర, ఆఖరి పావు ఒక్కటే అరగంట. అంటే నాలుగో రైతు ఒక్కడే మిగతా ముగ్గురి నీళ్లంత తీసుకుంటున్నాడు.

"ఇది కథే కదా, ఆ కాలం వాళ్లకు ఇంత లెక్క తెలుసా" అని ముగ్గురు నలుగురు అడిగారు. ఈ మాట వింటే నాకు ఒళ్లు మండుతుంది. లెక్క తెలియాల్సిన పనే లేదు. కయ్య ఎండిపోతుంటే రైతుకు తెలీదా? నీ వంతు నీళ్లు ఎక్కడిదాకా పారినాయి, నా వంతు ఎక్కడిదాకా పారినాయి అని గట్టు మీద నిలబడి చూస్తే చాలు. రెండో తడికే కొట్లాట, మూడో తడికి కుండ పగిలిపోతుంది. అలాంటిది ఆ సమాన గీతల కుండ వెయ్యేళ్లు పూజలందుకుంది అని మీరు రాస్తే నేను నమ్మను. నాలుగో రైతు రాజుగారి బావమరిది, గీతలు కావాలనే అలా గీయించాడు అంటే నమ్ముతా, అది మంచి కథ కూడా. అయితే అది మీకు తెలిసి చెయ్యాలి.

సరైన గీతలు ఎలా ఉంటాయంటే, చిల్లుకు పైన 16 అంగుళాల నీళ్లున్న కుండలో నాలుగు సమాన వంతులకు మట్టం మొదట 7 అంగుళాలు దిగాలి, తర్వాత 5, తర్వాత 3, ఆఖరున 1. పైన ఎడంగా, కిందికొచ్చేసరికి ఇరుకుగా. మీ కథలో ఆ కుండ పెంకు ఎవరికో దొరికితే, ఆ ఇరుకు గీతలు చూసే అది గడియారమని కనిపెట్టొచ్చు, పెంకు మీద మెరిసే అక్షరాలు అక్కర్లేదు. (మెరిసే రాళ్లు, మెరిసే అక్షరాలు నాకు పడవు. మూడో పాఠంలోనే చెప్పాను.)

గోడలు మార్చడం ఇంకో దారి. ఈజిప్టులో కర్ణాక్ గుడి దగ్గర దొరికిన నీటి గడియారం, సుమారు 3,400 ఏళ్ల నాటిది, పూలకుండీలాగా పైన వెడల్పు, కింద సన్నం. పైన మట్టం ఒక అంగుళం దిగాలంటే ఎక్కువ నీళ్లు పోవాలి కాబట్టి తేడా చాలావరకు సర్దుకుంటుంది. ఇసుకకు ఈ గొడవ లేదు, ఎంత పోసినా దాదాపు ఒకే వేగంతో రాలుతుంది, కానీ మన చెరువుగట్టు మీద ఇసుక గడియారం వద్దు, అరువు సరుకులా ఉంటుంది.

నా అడ్డదారి చెప్తా. లెక్కలు వెయ్యను. ఫోన్‌లో అలారం పెట్టుకుని, మోగినప్పుడల్లా నీటి మట్టం దగ్గర గీత గీస్తా. మడవసీమలో ఫోన్ లేదు కాబట్టి అక్కడ మునుగు గిన్నె మునిగినప్పుడల్లా గీస్తారు. ఇరాన్‌లో కనాతుల (భూమి కింద తవ్విన నీటి కాలువల) నీళ్లు పంచుకోవడానికి వాడింది ఈ చిల్లుగిన్నెనే.

రాతిదిమ్మె మీద శాసనం పేరుతో కవిత్వం కుమ్మరించినవాళ్లకు ఒక మాట. మన జిల్లాలోనే పోరుమామిళ్ల చెరువు శాసనం ఉంది, 1369 నాటిది. అందులో రోజుకు వెయ్యి మంది కూలీలు, నూరు బండ్లు, రెండేళ్ల పని అని లెక్క ఉంటుంది. మీ రాయి మీద కూడా ఒక్క లెక్కైనా ఉండాలి.

ఇక అభ్యాసం. నిలువు గోడల డబ్బా ఒకటి తీసుకోండి, ఇంట్లో అడిగి తీసుకోండి. పది నిమిషాలకొక గీత చొప్పున ఆరు గీతలు రావాలి, రాకపోతే చిల్లు పెద్దదైనట్టు, కొత్త డబ్బాతో మళ్లీ మొదలు. మూడు రోజులు, పొద్దున ఒకసారి, మధ్యాహ్నం ఒకసారి కారనిచ్చి గీతలు సరిపోతున్నాయో లేదో రాసిపెట్టుకోండి. ఎండకు నీళ్లు వేడెక్కితే చిల్లు సన్నగా ఉన్న డబ్బా కాస్త తొందరగా కారుతుంది, ఆ తేడా ఎంతో నాకు పంపండి. బోరు నీళ్లు పొయ్యొద్దు, చిల్లుకు సున్నం పడుతుంది. ఇదంతా అయ్యాకే సన్నివేశం తిరగరాయండి, ఒక పేజీ దాటొద్దు, మొదటి మాట మాత్రం 8 నిమిషాల రైతుదే కావాలి.