మీ నెట్‌వర్క్‌లో ఫైల్ షేరింగ్ సాఫ్ట్‌వేర్ నడుస్తోందో లేదో గుర్తించడం ఎలా?

విశాఖపట్నం ఎంవీపీ కాలనీలో నేను నెట్‌వర్క్ చూసే ఒక విద్యార్థుల హాస్టల్‌లో రాత్రి తొమ్మిది దాటితే వీడియో పాఠాలు ఆగి ఆగి వచ్చేవి. కారణం కోసం నేను వెతికిన క్రమమే ఇక్కడ రాస్తున్నాను. ఫైల్ షేరింగ్ సాఫ్ట్‌వేర్ తనను పట్టుకునే ఒక్కొక్క పద్ధతినీ దాటుకుంటూ ఎదిగింది కనుక, మన పరిశీలన కూడా ఆ వరుసలోనే సాగాలి.

ముందు యజమాని అనుమతి తీసుకుని, వాడుకునేవారికి కూడా విషయం చెప్పండి. ఇది మర్యాద కోసం కాదు, తప్పనిసరి. తర్వాత స్విచ్‌లో రౌటర్‌కు వెళ్లే పోర్టును మరొక పోర్టుకు మిర్రర్ చేసి (అంటే దాని రాకపోకల నకలు అక్కడికీ వచ్చేలా సెట్ చేసి), అక్కడ ల్యాప్‌టాప్ తగిలించి, నెట్‌వర్క్ రాకపోకలను చూపే వైర్‌షార్క్ అనే ప్రోగ్రామ్ నడపండి. మిర్రర్ చేయకపోతే మీ ల్యాప్‌టాప్ రాకపోకలు తప్ప ఇతరులవి దాదాపుగా కనిపించవు.

ఇప్పుడు పోర్టు సంఖ్యలు చూడండి. ఇవి స్విచ్ మీద కేబుల్ తగిలించే పోర్టులు కావు, కంప్యూటర్‌లో ఒక్కో ప్రోగ్రామ్ రాకపోకలకు వాడే నంబర్లు. 1999లో వచ్చిన పాటల షేరింగ్ సాఫ్ట్‌వేర్ నాప్‌స్టర్‌లో పాటల జాబితా కేంద్ర సర్వర్లలోనే ఉండేది కాబట్టి ఆ సర్వర్ల చిరునామాలు తెలిస్తే సరిపోయేది. 2000 నాటి గ్నుటెల్లాకు కేంద్రమే లేకపోయినా అది సాధారణంగా 6346 పోర్టును, బిట్‌టొరెంట్ తొలి క్లయింట్లు (అంటే దాన్ని నడిపే ప్రోగ్రాములు) 6881 నుంచి 6889 వరకు ఉన్న పోర్టులను వాడేవి. ఇప్పటి క్లయింట్లు తోచిన పోర్టును ఎంచుకుంటాయి కనుక ఇక్కడ ఏమీ దొరకలేదని నిశ్చింతగా ఉండకండి.

ఆ తర్వాత ప్యాకెట్ (నెట్‌వర్క్‌లో ఒక్కో ముక్కగా వెళ్లే డేటా) లోపల చూడాలి. బిట్‌టొరెంట్ తొలి పలకరింపు 68 బైట్లు ఉంటుంది. మొదటి బైటు విలువ 19, దాని వెనుకే ఇంగ్లిషులో ‘బిట్‌టొరెంట్ ప్రోటోకాల్’ అన్న మాట, ఖాళీతో కలిపి సరిగ్గా 19 అక్షరాలు. వైర్‌షార్క్ కింది భాగంలో ఆ బైటు హెక్సాడెసిమల్ (పదహారు ఆధారంగా లెక్కించే) పద్ధతిలో 13గా కనిపిస్తుంది, దాన్ని పదమూడుగా చదవకండి. అయితే 2006 నాటికే ప్రధాన క్లయింట్లలో ఎన్‌క్రిప్షన్ (డేటాను ఇతరులు చదవలేకుండా మార్చడం) చేరింది కాబట్టి ఈ గుర్తు కూడా చాలాసార్లు కనిపించదు.

మిగిలింది ప్రవర్తన, నా దృష్టిలో అన్నిటికంటే నమ్మదగినది ఇదే. స్టాటిస్టిక్స్ మెనూలో సంభాషణల జాబితా తెరిచి, ఏ కంప్యూటర్ ఒకేసారి పదుల కొద్దీ సంబంధం లేని చిరునామాలతో, ముఖ్యంగా యూడీపీ అనే డేటా పంపే పద్ధతిలో, మాట్లాడుతోందో, దించుకోవడంతో పాటు ఎంత పైకి పంపుతోందో చూడండి. మా హాస్టల్‌లో గుర్తు ఒక్కటీ దొరకలేదు గాని, ఒక ల్యాప్‌టాప్ మాత్రం ఇలాగే పట్టుబడింది. ఆ విద్యార్థి టొరెంట్ ద్వారా దించుకున్నది ఉబుంటు అనే ఉచిత ఆపరేటింగ్ సిస్టమ్, అందులో తప్పేమీ లేదు. అది పూర్తయ్యాక కూడా ఇతరులకు పంపుతూనే ఉండటంతో అప్‌లోడ్ దారి నిండిపోయి, అందరి ప్యాకెట్లూ వరుసలో నిలబడిపోయేవి. అందుకే సాఫ్ట్‌వేర్‌ను నిషేధించకుండా, దాని సెట్టింగుల్లో అప్‌లోడ్ వేగానికి పరిమితి పెట్టించాము.