ఎనిమిది కాళ్ళూ ముందు ముక్కకే: హాలోవీన్ సాలెగూడు డిప్

మా చెల్లెలి కూతురు హైదరాబాద్‌లో ఉంటుంది. వాళ్ళ అపార్ట్‌మెంట్లో ఈసారి పిల్లలంతా హాలోవీన్, అదే అమెరికా వాళ్ళ దయ్యాల పండగ, చేసుకుంటున్నారట, ఇంటికొక వంటకం తేవాలట. "పెద్దమ్మా, డాలస్‌లో చేశావు చూడు, సాలెగూడు డిప్పు, అదెలాగో చెప్పవా" అని ఫోన్ చేసింది. ఫోన్లో చెబితే ఈ చెవిన విని ఆ చెవిన వదిలేస్తుంది, దాని సంగతి నాకు తెలుసు. అందుకే రాసి పెడుతున్నాను. పనిలో పనిగా మీరూ చదువుకోండి. నేను ముప్పై ఏళ్ళు హైస్కూల్లో జీవశాస్త్రం చెప్పినదాన్ని, వంట మధ్యలో పాఠం దొర్లితే ఏమీ అనుకోవద్దు.

డిప్ అంటే చిప్స్ ముంచుకుని తినే చల్లటి పచ్చడి అనుకోండి. టెక్సాస్‌లో పార్టీ అంటే ఏడు వరసల డిప్ తరచుగా కనిపిస్తుంది. ముద్దగా మెదిపిన బీన్స్, అవకాడోతో చేసే గ్వాకమోలే, సవర్ క్రీమ్ అనే పుల్లటి మీగడ, సల్సా అనే టమాటా పచ్చడి, చీజ్, నల్ల ఆలివ్‌లు, ఉల్లికాడలు. హాలోవీన్‌కి ఇదే సరుకుని కాస్త అటూ ఇటూ మార్చి, ఆకుపచ్చ గ్వాకమోలే పైకి వచ్చేట్టు పరిచి, దాని మీద తెల్లటి సవర్ క్రీమ్‌తో సాలెగూడు గీస్తారు. మధ్యలో ఆలివ్‌తో చేసిన సాలీడు. అంతే. పొయ్యి పని దాదాపు లేదు. చెడగొట్టడానికి మాత్రం బోలెడు అవకాశం ఉంది. మొదటిసారి ఆ అవకాశాలన్నీ వాడుకున్నాను.

2024లో దీపావళి, హాలోవీన్ రెండూ అక్టోబర్ 31నే పడ్డాయి. సాయంత్రం ఇంట్లో లక్ష్మీపూజ, ఆ తర్వాత మా అమ్మాయి వాళ్ళ కాలనీ క్లబ్‌హౌస్‌లో పాట్‌లక్, అంటే ఇంటికొక వంటకం తెచ్చుకుని కలిసి తినే విందు. అమ్మాయికి ఆఫీసు, కాబట్టి డిప్ నేను చేస్తానన్నాను. మా అల్లుడు రీఫ్రైడ్ బీన్స్ (ఉడికించి, మెదిపి, వేయించినవి) డబ్బా తెచ్చి గట్టు మీద పెట్టాడు. మూత తీయబోతూ ఎందుకో కళ్ళజోడు పెట్టుకుని చదివాను: పింటో బీన్స్, నీళ్ళు, లార్డ్, ఉప్పు. లార్డ్ అంటే పంది కొవ్వు. పక్కనే పూజకి వత్తులు వేసి ప్రమిదలు పెట్టుకున్నాను! "బీన్సే కదా అని చూడలేదు అత్తయ్యగారూ" అన్నాడు పాపం, మొహం ఇంత చేసుకుని. పాతకాలపు పద్ధతిలో చేసే రీఫ్రైడ్ బీన్స్‌లో లార్డే వేస్తారు. వెజిటేరియన్ అని రాసి ఉన్నవి విడిగా దొరుకుతాయి. శాకాహారులు ఆ మాట చూసి, ఆ తర్వాత పదార్థాల చిట్టా కూడా చూసి కొనండి.

అప్పటికి టైము అయిదు. అలమరలో రెండు నల్ల బీన్స్ డబ్బాలు కనిపిస్తే వాటితోనే కానిచ్చాను. తీరా చూస్తే అదే మేలైంది. గాజు పళ్ళెంలో నుంచి అడుగు వరస నల్లమట్టిలా కనిపించింది. దయ్యాల పండక్కి గోధుమరంగు బీన్స్ కన్నా అదే నప్పుతుంది. అప్పటినుంచి నల్ల బీన్సే వాడుతున్నాను.

పన్నెండు మందికి సరిపోయే కొలతలు ఇవి. 9 అంగుళాల గుండ్రటి గాజు పళ్ళెం, 2 అంగుళాల లోతుది. 425 గ్రాముల నల్ల బీన్స్ డబ్బాలు రెండు. బాగా పండిన హాస్ అవకాడోలు నాలుగు. నిమ్మకాయలు రెండు. తురిమిన చీజ్ ఒక కప్పు. సల్సా ఒక కప్పు. సవర్ క్రీమ్ అర కప్పు. గింజ తీసిన నల్ల ఆలివ్‌లు అయిదారు, ఒకటి రెండు విరుగుతాయి కాబట్టి ఎక్కువే పెట్టుకోండి. జీలకర్ర పొడి, కారం, ఉప్పు, రెండు పచ్చిమిరపకాయలు, చిన్న ఉల్లిపాయ, గుప్పెడు కొత్తిమీర. పళ్ళెం గుండ్రంగానే ఉండాలి, పలకలదైతే గూడు మూలల్లో వెలితిగా కనిపిస్తుంది.

బీన్స్‌ని జల్లెట్లో పోసి, నురగ పోయేదాకా కడగండి. బాణలిలో చెంచాడు నూనె వేసి, ఉల్లిపాయ సన్నగా తరిగి వేయించి, జీలకర్ర పొడి, కారం, బీన్స్ వేసి పప్పుగుత్తితో మెదపండి. నేను డాలస్‌కి వచ్చేటప్పుడు పప్పుగుత్తి తెచ్చుకున్నాను, మా అమ్మాయి నవ్వింది, ఇప్పుడు అదే వాడుతోంది. గట్టిగా ఉంటే రెండు చెంచాల నీళ్ళు. చిప్ గుచ్చితే విరగనంత మెత్తగా ఉండాలి. దించి పూర్తిగా చల్లారనివ్వండి. వేడిగా ఉండగా పై వరసలు వేస్తే చీజ్ కరిగి, అవకాడో రంగు తిరిగి, అంతా కలగాపులగం అవుతుంది.

హైదరాబాద్‌లో చేసేవాళ్ళు రాజ్మా వాడుకోవచ్చు. రాత్రంతా నానబెట్టి, ఆ నీళ్ళు పారబోసి, కుక్కర్లో వేలితో నొక్కితే నలిగిపోయేంత ఉడికించండి. సగం ఉడికిన రాజ్మాతో సరదాలొద్దు. అందులో ఫైటోహీమాగ్లుటినిన్ అని ఒక పదార్థం ఉంటుంది, సరిగ్గా ఉడక్కపోతే వాంతులు పట్టుకుంటాయి.

చల్లారిన బీన్స్ అడుగున సమంగా పరిచి, దాని మీద చీజ్, ఆ పైన సల్సా. సల్సాని మాత్రం అరగంట ముందే చాయ్ వడకట్టే జల్లెట్లో పోసి గిన్నె మీద ఉంచండి, పావు కప్పు నీళ్ళయినా దిగుతాయి. ఆ నీళ్ళు డిప్‌లోకి వెళితే గంటకల్లా అంచుల వెంబడి ఎర్రటి చారు ఊరుతుంది.

ఇక అవకాడో. కొనడంలోనే సగం పని ఉంది. మామిడిపండుని నొక్కినట్టు మెల్లగా నొక్కితే కాస్త లోపలికి పోవాలి. తొడిమ తీసి చూస్తే కింద ఆకుపచ్చగా ఉండాలి, గోధుమరంగు ఉంటే లోపల చాలావరకు పాడై ఉంటుంది. రాయిలా ఉన్నవే దొరికితే కాగితం సంచిలో పండిన అరటిపండుతో కలిపి పెట్టండి. అరటిపండు వదిలే ఇథిలీన్ వాయువుకి రెండు మూడు రోజుల్లో మగ్గుతాయి. హైదరాబాద్‌లో పండ్ల బండ్ల మీద బటర్ ఫ్రూట్ అని అమ్మే పెద్ద కాయలైతే నాలుగు అక్కర్లేదు, రెండు చాలు.

గుజ్జు తీసి, నిమ్మరసం, ఉప్పు, దంచిన పచ్చిమిరపకాయ, సన్నగా తరిగిన కొత్తిమీర వేసి నున్నగా మెదపండి. చాలామంది గ్వాకమోలేలో ఉల్లి, టమాటా ముక్కలు వేస్తారు. ఈ డిప్‌కి వద్దంటాను. పైన గూడు గీయాలి, నేల ఎత్తుపల్లాలుగా ఉంటే గీత అక్కడక్కడా తెగుతుంది. ముగ్గు పెట్టే ముందు వాకిలి చిమ్మి కళ్ళాపి చల్లమా? ఇదీ అంతే. చెంచా వెనక్కి తిప్పి, తడిచేసి, గుండ్రంగా తిప్పుతూ నున్నగా చదును చేయండి.

అవకాడో నల్లబడటం అందరికీ టెన్షనే. మొదటిసారి నేను మధ్యాహ్నమే కలిపి మూతపెట్టి ఉంచాను, సాయంత్రానికి పైపొర చింతపండు రంగుకి వచ్చింది. కోసిన వంకాయ ఎందుకు నల్లబడుతుందో ఇదీ అందుకే. ముక్క కోసినప్పుడు కణాలు తెగి, లోపలి పాలీఫినాల్ ఆక్సిడేజ్ అనే ఎంజైమ్‌కి గాలిలోని ఆక్సిజన్ తగులుతుంది. వంకాయ ముక్కల్ని ఉప్పునీళ్ళలో వేస్తాం, ఇక్కడ నిమ్మరసం వేస్తాం, పులుపుకి ఆ ఎంజైమ్ మందగిస్తుంది. ఆగిపోదు, మందగిస్తుంది. గాలి తగలకుండా చేయడం అంతకన్నా ముఖ్యం. ప్లాస్టిక్ పొరని గిన్నె అంచుల మీద కాదు, గ్వాకమోలేకి అంటుకునేట్టు మీదే పరిచి, చేత్తో బుడగలు లేకుండా నొక్కండి. గింజ అందులోనే ఉంచితే నల్లబడదని కొందరంటారు. గింజ కింద ఉన్నంత మేరకే నల్లబడదు, ఎందుకంటే అక్కడ గాలి తగల్లేదు. గింజ గొప్పతనమేం లేదు.

ఇప్పుడు గూడు. ఇది బయల్దేరడానికి అరగంట ముందు పని, అంతకన్నా ముందు కాదు. సవర్ క్రీమ్‌లో పాలు ఒక చెంచా, చాలకపోతే ఇంకో అర చెంచా వేసి గిలకొట్టండి. పెసరట్టు పిండి కన్నా చిక్కగా, గారెల పిండి కన్నా జారుగా ఉండాలి. చెంచాతో ఎత్తి వదిలితే పడిన గీత నాలుగైదు సెకన్లు పైన అలాగే నిలవాలి. నేను మొదటిసారి మజ్జిగలా చేసి పోశాను, గూడు కాదు కదా, పాలు ఒలికినట్టుంది. సవర్ క్రీమ్ దొరక్కపోతే గడ్డపెరుగు పల్చటి గుడ్డలో మూటకట్టి, ఫ్రిజ్‌లో నాలుగైదు గంటలు వేలాడదీసి, ఆ గట్టి పెరుగు వాడండి.

దాన్ని జిప్‌లాక్ కవర్లో వేసి, గాలి తీసి, ఒక మూల 2 మిల్లీమీటర్లు మాత్రమే కత్తిరించండి. గోరింటాకు కోన్ చేతికి అలవాటైన వాళ్ళకి ఇది చిటికెలో పని. పళ్ళెం నడిమధ్యన మొదలుపెట్టి, జిలేబీ చుట్టినట్టు ఒకే చుట్టగా, చుట్టుకీ చుట్టుకీ వేలెడు ఎడం ఇస్తూ అంచుదాకా రండి. విడివిడి వలయాలు గీయమని కొందరు చెబుతారు, అక్కర్లేదు. వలలో జిగురు దారాన్ని సాలీడు కూడా చుట్టగానే అల్లుతుంది. అది బయటినుంచి లోపలికి వస్తుంది, మనం లోపలినుంచి బయటికి, అదే తేడా.

తర్వాత పళ్ళపుల్ల తీసుకుని, మొన మాత్రం ఆనేలా, మధ్యనుంచి అంచు దాకా ఒక్క గీత లాగండి. తెల్ల గీత దాటిన ప్రతిచోటా క్రీమ్ కొంచెం పుల్ల వెంట బయటికి సాగి మొన తేలుతుంది, రెండు మొనల మధ్య దారం లోపలికి వంగినట్టు కనిపిస్తుంది. గూడు పోలిక వచ్చేది ఆ వంపుతోనే. బయటినుంచి లోపలికి లాగారా, వంపు తిరగబడి పువ్వు రేకులవుతాయి. ముందు పైకి, కిందికి, కుడికి, ఎడమకి నాలుగు లాగి, వాటి మధ్య మరో నాలుగు లాగండి, ఎడం సమంగా వస్తుంది. ప్రతి గీతకీ పుల్ల తుడవాలి. తుడవకపోతే మూడో గీతకి ఆకుపచ్చ మరకలు తెల్లదారం మీదికి ఎక్కుతాయి. చెయ్యి వణికితే ఫరవాలేదు, అసలు గూళ్ళు మాత్రం స్కేలు పెట్టి గీసినట్టుంటాయా?

సాలీడు విషయంలో మాత్రం నేను రాజీపడను. 2024లో మా మనవడు ఆరు కాళ్ళు పెట్టాడు. "ఇది కీటకం కాదురా, సాలీడు, ఎనిమిది" అన్నాను. "అమ్మమ్మా, చోటు లేదు" అన్నాడు. చోటు ఎందుకు లేదంటే, అందరిలాగే వాడూ వెనకున్న పెద్ద ముక్కకి కాళ్ళు అతికించాలని చూశాడు. సాలీడు శరీరం రెండు భాగాలు: ముందు తలా ఛాతీ కలిసిన శిరోవక్షం, వెనక ఉదరం. ఎనిమిది కాళ్ళూ శిరోవక్షానికే ఉంటాయి, ఉదరానికి ఒక్కటీ ఉండదు. కొట్లో అమ్మే ప్లాస్టిక్ సాలీళ్ళు చూసి నేర్చుకోకండి, వాటిలో చాలావాటికి ఇదే తప్పు.

ఆలివ్‌లని ముందు గుడ్డతో పొడిగా ఒత్తండి, లేకపోతే ఆ నల్లరసం క్రీమ్‌లోకి దిగుతుంది. ఒకదాన్ని నిలువునా రెండుగా కోసి, ఒక సగాన్ని ఉదరంగా బోర్లించండి. రెండో సగాన్ని అడ్డంగా కోసి ఒక ముక్క ముందుపెడితే శిరోవక్షం. మరో ఆలివ్‌ని చక్రాలుగా తరిగి, ఒక్కో చక్రాన్ని రెండుగా కోస్తే వంకీ తిరిగిన కాళ్ళు. ఇటు నాలుగు, అటు నాలుగు. ముందు రెండు జతలూ ముందుకి, వెనక రెండు జతలూ వెనక్కి వంచితే అప్పుడే పాకబోతున్నట్టు ఉంటుంది. సాలీడుని ఇంట్లో పెట్టి కార్లో తీసుకెళితే మొదటి మలుపులోనే ఒరుగుతుంది. ఆలివ్ ముక్కలు చిన్న డబ్బాలో వేసుకుని, అక్కడికి వెళ్ళాకే పెట్టండి.

చిప్స్‌కి పెద్దగా కష్టపడొద్దు. అమెరికాలో నీలి మొక్కజొన్న చిప్స్ దొరుకుతాయి, చూడటానికి దాదాపు నల్లగా ఉంటాయి, అవి పక్కన పోస్తే చాలు.

బయట పెట్టిన డిప్‌ని రెండు గంటలు దాటనివ్వకండి. 32 డిగ్రీలు దాటిన ఎండలో ఒక్క గంటే. పాలు, బీన్స్, అవకాడో ఉన్నచోట సూక్ష్మజీవులు ఊరుకోవు. పళ్ళెం కింద ఇంకో పెద్ద పళ్ళెంలో ఐసు పోసి ఉంచితే మంచిది. పక్కన చిన్న కార్డు మీద పాలు, చీజ్ ఉన్నాయని రాసి పెట్టండి, ఎలర్జీ ఉన్న పిల్లలుంటారు. మా అమ్మాయి వాళ్ళ వీధిలో ఒకరి గుమ్మం ముందు నీలి ఆకుపచ్చ రంగు గుమ్మడికాయ పెట్టారు. ఇదేం రంగని అడిగితే, ఆ ఇంట్లో చాక్లెట్లే కాకుండా ఎలర్జీ పిల్లల కోసం బొమ్మలూ పెన్సిళ్ళూ కూడా ఇస్తారని దాని గుర్తట. నాకు భలే నచ్చింది.

2025లో మళ్ళీ వెళ్ళినప్పుడు డిప్ బాగా కుదిరింది. పళ్ళెం బల్ల మీద పెట్టి ఇలా తిరిగానో లేదో, మనవడు చిప్‌తో సాలీడుని ఎత్తి నోట్లో వేసుకున్నాడు. "అది నాది" అని మనవరాలు ఏడుపు, అంతమందిలో. ఆరు ఆలివ్‌లు తెచ్చుకోమన్నది ఇందుకు కూడా. గూడు మధ్యన ఒకటి, అంచున ఒకటి, రెండు సాలీళ్ళు పెట్టండి.