నాటిన కొమ్మ చిగురు వేసి ఎండిపోతోందా?

కొమ్మ బతకలేదని ఎవరు చెప్పినా నేను ముందు అడిగేది ఒక్కటే: ఏ వైపు పైకి పెట్టి నాటారు? ఆకులు దూసేసిన పుల్లకు తల ఏదో మొదలు ఏదో చూడగానే తెలియదు. వేరు పుట్టించే ఆక్సిన్ అనే హార్మోన్ కొమ్మలో తల నుంచి మొదలు వైపే దిగుతుంది. తలకిందులుగా నాటిన కొమ్మ సాధారణంగా వేరు పట్టదు. పుల్లను దగ్గరగా పట్టుకుని చూడండి. ఆకు రాలిన మచ్చకు ఆనుకుని చిన్న మొగ్గ ఉంటుంది. మచ్చ కింద, మొగ్గ పైన ఉంటే మీరు సరిగ్గా పట్టుకున్నట్టు. కోసేటప్పుడే మొదలును ఏటవాలుగా, తలను అడ్డంగా కోస్తే ఈ తికమకే ఉండదు. దయచేసి ఇది చూసుకున్నాకే మిగతాది చదవండి.

మొదలు నల్లబడి మెత్తబడింది

నీరు ఎక్కువైంది, లేదా మట్టి బిగువుగా ఉంది. కుళ్ళు కనిపించనంత పైకి కోసి, ఇసుక, కొబ్బరి పొట్టు కలిపిన కుండీలో మళ్ళీ నాటండి. ఎరువు వేయకండి. దేవగన్నేరు లాంటి పాలు కారే కొమ్మలైతే కోత పూర్తిగా ఆరేదాకా కొన్నాళ్ళు నీడలో ఉంచి నాటాలి.

చిగురు చక్కగా వచ్చింది, తర్వాత వాలి ఎండిపోయింది

నేను పోగొట్టుకున్న గులాబీ కొమ్మల్లో చాలా భాగం ఇలా పోయినవే. రెండు వారాలకు ఎర్రటి చిగురు విప్పుకోగానే బతికిందని సంతోషించి, కప్పిన కవరు తీసి, ఎండలో పెట్టేదాన్ని. నాలుగో రోజుకు చిగురు వేలాడేది. నీరు చాలలేదనుకుని ఇంకా పోసేదాన్ని. చివరికి పీకి చూస్తే వేరు పోగు ఒక్కటీ లేదు. కోత అంచున తెల్లగా, గరుకుగా ఉబ్బిన కణజాలం మాత్రం ఉంది. దాన్ని కాలస్ అంటారు. అది గాయం మానుతున్న గుర్తే కానీ వేరు కాదు.

చిగురు వేయడానికి కొమ్మకు వేరు అక్కర్లేదు. కాండంలో దాచుకున్న పిండి పదార్థం, నీరు చాలు. అయితే ఆకు విప్పారినకొద్దీ దాని నుంచి నీరు ఆవిరవుతూనే ఉంటుంది, కింద ఆ నీటిని పీల్చే వేరు ఇంకా పుట్టలేదు. అప్పుడే మనం దాన్ని ఎండలోకి తోస్తాం.

చిగురు ఇప్పుడే వాలుతూ ఉంటే ఇంకా అవకాశం ఉంది. పూమొగ్గలుంటే గిల్లేయండి. పెద్ద ఆకులను సగానికి కత్తిరించండి. పారదర్శకమైన కవరు గానీ అడుగు కోసిన సీసా గానీ బోర్లించి, వెలుతురున్న నీడలో పెట్టండి. కవరు కింద నేరుగా ఎండ తగిలితే కొమ్మ ఉడికిపోతుంది.

వేరు వచ్చిందో లేదో చూడటానికి కొమ్మను కదపకండి, లేత వేళ్ళు పుటుక్కున తెగుతాయి. అడుగున రంధ్రాలు చేసిన పారదర్శక గ్లాసులో నాటి, చుట్టూ నల్ల కాగితం చుట్టండి. వారానికోసారి కాగితం విప్పి చూస్తే చాలు. గ్లాసు గోడ వెంట తెల్లటి వేళ్ళు పాకి, వాటికి పిల్ల వేళ్ళు కూడా కనిపించాకే కవరు తీయడం మొదలుపెట్టండి. అదీ మొదటి రోజు ఒక గంట, మర్నాడు రెండు గంటలు, ఇలా ఒక వారం పాటు.

నీళ్ళలో వేరు వచ్చింది, మొక్క ఎదగదు

మనీప్లాంట్ ఆకును కణుపు లేకుండా తెంచి ఉంటారు. ఆ కాడకు వేరు వస్తుంది కానీ తీగ సాగదు. కణుపుతో సహా మరో ముక్క కోయండి.

వేరు రావడానికి కొమ్మ మొదలుకు అద్దే హార్మోన్ పొడి పాతదైందేమో, కత్తెర తేడా చేసిందేమో అన్న అనుమానాలు చివరికి ఉంచండి, అవి కారణం కావడం అరుదు. అన్నీ సరిగ్గా చేసినా రెండు మూడుసార్లు వేరు పట్టని మొక్కకు గాలి అంటు కట్టండి, అంటే కొమ్మను కోయకుండా మొక్క మీదే దానికి వేరు పుట్టించండి. కొమ్మ తల్లి మొక్క నుంచే నీరు తీసుకుంటూ ఉంటుంది కాబట్టి, వేరు ఎంత ఆలస్యమైనా చిగురు వాలదు.