గొంతు నటన నేర్చుకుందాం – 4: ఒకే గొంతులో తండ్రీ కొడుకులు

కిందటి పాఠంలో ఊపిరి గురించి చెప్పుకున్నాం. ఈసారి ఒకే మనిషి ఇద్దరు ముగ్గురికి గొంతు ఇవ్వడం ఎలాగో చూద్దాం. ఈ విద్యలో జపాన్ కార్టూన్ సీరియళ్లకి గొంతు ఇచ్చే నటి నోజావా మసాకో గారిని మించిన గురువు నాకు కనబడలేదు.

ఆమె 1936లో టోక్యోలో పుట్టారు. ఆమె గొంతు ఇచ్చిన పాత్రల్లో కొన్ని: 1968లో ‘గెగెగె నో కితారో’లో కితారో, 1978లో ‘గెలాక్సీ ఎక్స్‌ప్రెస్ 999’లో తెత్సురో, 1986 నుంచి ‘డ్రాగన్ బాల్’లో గోకు. ముగ్గురూ మగపిల్లలే. అబ్బాయిల గొంతు పదమూడు, పద్నాలుగేళ్లకే మారిపోతుంది, సీరియల్ మాత్రం ఏళ్ల తరబడి నడుస్తుంది. అందుకే ఇలాంటి పాత్రలు ఎక్కువగా ఆడవాళ్లకే వస్తాయి. మన డబ్బింగ్‌లోనూ ఇది మామూలే.

గోకు పెరిగి పెద్దవాడై పెళ్లి చేసుకున్నాక కూడా ఆ గొంతు ఆమెదే. 1989లో ‘డ్రాగన్ బాల్ జెడ్’తో కొడుకు గోహాన్ వచ్చాడు, ఆ తర్వాత చిన్నవాడు గోతెన్. వాళ్లిద్దరికీ ఆమే చెప్పారు.

నేను మొదట్లో అన్నదమ్ముల సీను ఒకటి చెప్పాను. తమ్ముడికి సన్నగా, అన్నకి బొంగురుగా. నాలుగో డైలాగుకి ఇద్దరూ కలిసిపోయారు. మర్నాడు గొంతే పెగల్లేదు. మార్చాల్సింది గొంతు కాదు, మనిషిని.

గోకు కొండల్లో పెరిగినవాడు, ‘నేను’ అనడానికి పల్లెటూరి యాసలో ‘ఓరా’ అంటాడు. అమ్మ పద్ధతిగా పెంచిన గోహాన్ ‘బోకు’ అంటాడు. ఆ ఒక్క మాటతోనే జపాన్‌లో వినేవాళ్లకి మనిషి తెలిసిపోతాడు. తెలుగులో ముగ్గురికీ ‘నేను’ ఒకటే. కాబట్టి మనం ఊపిరితో, వేగంతో, ఆగే చోటుతో తేడా చూపించాలి.

ఈ వాక్యం తీసుకోండి: “ఆకలేస్తోంది, ఇంటికెళ్దాం.”

గోకులా అనండి. మొహమాటం లేదు. పొట్టలోంచి ఊపిరి, ‘ఆ’ దగ్గర నోరు బాగా తెరవాలి. గోహాన్ అయితే ముందు కాస్త ఊపిరి పీల్చి తటపటాయిస్తాడు, ‘ఆకలేస్తోంది’ అన్నాక ఆగి నాన్న మొహం చూస్తాడు. ఆ చూపు మీ మౌనంలో వినబడాలి. గోతెన్ అప్పటికే పరుగు మొదలుపెట్టాడు, అతనికి కామా ఉండదు. మూడింటికీ శ్రుతి ఒకటే ఉంచండి. గొంతు నొప్పెడితే వెంటనే ఆపేయండి.

ఫోన్‌లో రికార్డు చేసి, ఏమీ చెప్పకుండా ఇంట్లో ఎవరికైనా వినిపించండి. ఎంతమంది, ఎవరి వయసెంత అని అడగండి. “ఒక్కళ్లే మిమిక్రీ చేస్తున్నారు” అంటే మళ్లీ మొదలుపెట్టండి.

ఇంకో సంగతి. జపాన్ స్టూడియోల్లో నటులు ఒకే గదిలో నిలబడి, స్క్రిప్టు చేత్తో పట్టుకుని, ఉన్న కొద్ది మైకుల దగ్గరికి వంతులవారీగా వచ్చి చెబుతారు. కాగితం చప్పుడైతే టేకు పోయినట్టే. వచ్చే వారం దాకా ఈ వాక్యాన్ని ఫోన్‌లో చూసి కాకుండా, రెండు కాగితాల మీద రాసుకుని, చప్పుడు కాకుండా పేజీ తిప్పుతూ చెప్పండి.