హద్దు తగాదాలో కోర్టు ద్వారా పొలం కొలిపించుకోవడం ఎలా

అనంతపురం ప్రాంతపు మెట్ట పొలాల్లో గెనిమ (పొలం గట్టు) ఒక్క అడుగు జరిగినా అన్నదమ్ముల మధ్య మాటలు ఆగిపోతాయి కనుక, దావా వేసినవారు కొలత విషయాన్ని మొదటి నుంచే శ్రద్ధగా పట్టించుకోవాలి. సివిల్ ప్రొసీజర్ కోడ్ 26వ ఆర్డరు 9వ రూలు కింద దరఖాస్తు చేసుకుంటే, కోర్టు అవసరమని భావించినప్పుడు సాధారణంగా ఒక న్యాయవాదిని కమిషనర్‌గా నియమించి, మండల సర్వేయరు సహాయంతో పొలం కొలిపించి నివేదిక ఇవ్వమని ఆదేశిస్తుంది. పొలం ఎవరి అనుభవంలో ఉందో తేల్చమని మాత్రం కోరకండి. అది సాక్షులతో, దస్తావేజులతో మీరే రుజువు చేసుకోవలసిన విషయం.

కమిషనర్ ఖర్చులను కోర్టు చెప్పిన గడువులోనే జమ చేయాలి.

అన్నిటికంటే ముఖ్యమైనది కొలత రోజు. ఎఫ్‌ఎంబీ (పొలం హద్దులు, కొలతలు చూపే సర్వే శాఖ పటం) నకలు, రిజిస్టరు దస్తావేజు వెంట ఉంచుకుని, ఏయే కొలతలు తీయాలో కమిషనర్‌కు రాతపూర్వకంగా మెమో ఇవ్వండి. సర్వేయరు ఎక్కడి నుంచి కొలత మొదలుపెడుతున్నారో కళ్లారా చూడండి. పటంలో గుర్తించిన పాత సర్వే రాళ్లను వదిలి, తగాదాలో ఉన్న గెనిమనే ఆధారంగా తీసుకుంటే ఆ కొలతకు విలువ ఉండదని నా గట్టి అభిప్రాయం. పాత ఎఫ్‌ఎంబీల్లో కొలతలు లింకుల్లో ఉంటాయి. 100 లింకులంటే 66 అడుగులు. ఈ లెక్క తెలిసి ఉంటే అక్కడికక్కడే సరిచూసుకోవచ్చు. రాయి కనబడకపోతే ఆ సంగతిని నివేదికలో రాయమని అడగండి.

అదే ఆర్డరు 10వ రూలు ప్రకారం కమిషనర్ నివేదిక దావాలో సాక్ష్యమవుతుంది, అయితే అదే తుది తీర్పు కాదు. అది తప్పనిపిస్తే ఆలస్యం చేయక, ఏ కొలత ఎందుకు తప్పో చూపుతూ అభ్యంతరాలు దాఖలు చేసి, కోర్టు అనుమతితో కమిషనర్‌ను విచారించవచ్చు.