విని నేర్చుకునే ఇంగ్లీషు

రాతప్రతి (మాటలన్నీ రాసి ఉంచిన పాఠం) కూడా దొరికే ఇంగ్లీషు సంభాషణ రికార్డింగును ఎంచుకుని, ఒకసారికి 30 సెకన్ల భాగాన్ని మాత్రమే తీసుకోవాలి. మొదట రాతప్రతి చూడకుండా రెండు మూడు సార్లు విని, వినబడినదాన్ని వినబడినట్టే కాగితం మీద రాసుకుని, ఆ తరువాతే అసలు పాఠంతో పోల్చుకోవాలి. తేడా వచ్చిన చోటే నేర్చుకోవలసినది ఉంటుంది: ‘వాంట్ టు’ అన్నది ‘వానా’గా, ‘డిడ్ యు’ అన్నది ‘డిడ్జు’గా చెవిన పడుతుంది. ప్రతి అక్షరాన్నీ నిండుగా పలికే అలవాటున్న మనకు, ఇంగ్లీషు మాతృభాషగా ఉన్నవారు ముఖ్యమైన మాటలను ఒత్తి పలికి ‘టు’, ‘ఆఫ్’, ‘అండ్’ వంటి చిన్న మాటలను దాదాపు మింగేయడం వేగంగా తోస్తుంది కానీ, నిజానికి అది ఆ భాష లయ. అది పట్టుబడాలంటే రికార్డింగు నడుస్తుండగానే, ఒక్క క్షణం వెనకగా, గొంతు కలిపి పలకాలి. తరువాత మన పలుకును ఫోనులో రికార్డు చేసి, మూలం పక్కన పెట్టి వినాలి. తన గొంతు తనకే నచ్చకపోవడం చాలామందికి ఉన్నదే.