గన్నేరు పెంపకం – మూడో పాఠం: కుళ్ళిన కొమ్మలు, కోసిన కొమ్మలు

ఈసారి కత్తిరింపు చెప్పుకోవాలి. కానీ కొమ్మలు గుచ్చి మొక్కలు చేసుకోవడం చెప్పిన రెండో పాఠం చూసి, అలా గుచ్చినవాళ్ళలో చాలామందికి అడుగు నల్లబడి కుళ్ళిపోయింది. ముందు ఆ సంగతి తేల్చుకుందాం. కవరులో మట్టి నింపమన్నానే గాని, ఏ మట్టో రాయలేదు. ఆ లోపం పాఠానిదే.

గోదావరి డెల్టాలో పెరట్లో చేతికందేది నల్లమట్టి, లేదా కాలువ పూడిక తీసి గట్టున పోసిన ఒండ్రు. వానాకాలంలో రెండూ నీరు పట్టి ముద్దకట్టేస్తాయి, లోపలికి గాలి ఆడదు. వేరు లేని కొమ్మకి కోసిన చోటు పచ్చిపుండు లాంటిది. గాలి లేని తడిలో అది మానకముందే కుళ్ళు పడుతుంది. వేరూనిన గన్నేరు మొండిది. అంతర్వేది వైపు ఉప్పుగాలికీ తట్టుకుంటుంది. కానీ వేరు పోసుకునే ఆ నాలుగు నుంచి ఆరు వారాలు మాత్రం సుకుమారం.

రెండు పాళ్ళు గోదావరి ఇసుక, ఒక పాలు ఎర్రమట్టి, ఒక పాలు కొబ్బరిపొట్టు కలపండి. పశువుల ఎరువు ఇప్పుడే వద్దు. కవరు అడుగున ఆరు చిల్లులుండాలి. పెన్సిలంత లావు, జానెడు పొడవు కొమ్మని కణుపుకి కాస్త కిందగా కోసి, పైన మూడాకులే ఉంచి వాటినీ సగానికి కత్తిరించండి. వేలు గుచ్చి చూసి, పైమట్టి పొడిగా తగిలితేనే నీళ్ళు. వేళ్ళు తెప్పించే పొడి కొనక్కర్లేదు, గన్నేరుకి ఆ ఖర్చు దండగ. రకం అడిగితే మాత్రం ఒంటిరేకు గులాబీరంగుదే నా ఓటు. వాసన బాగుంటుంది. ముద్దగన్నేరు పువ్వు వాననీటిని పట్టుకుని చెట్టు మీదే గోధుమరంగుకి తిరిగి కుళ్ళుతుంది.

ఇక కత్తిరింపు. పూత కొత్త చిగుళ్ళ చివరే వస్తుంది కాబట్టి, ఒక విడత పూలు అయిపోగానే కొమ్మని మూడో వంతు తగ్గించండి. కణుపుకి మూడేసి ఆకులుంటాయి. సరిగ్గా దాని పైన కోస్తే తరచు మూడు చిగుళ్ళు లేస్తాయి. చెట్టు గుబురయ్యేది అలాగే. చేతికి తొడుగులు వేసుకోండి, ఆ రసం కంటికి తగలకూడదు.

ఎన్నిసార్లు చెప్పినా జనం తేలిగ్గా తీసుకునేది కోసిన కొమ్మల సంగతి. ఆకు, కాండం, వేరు, పువ్వు, గింజ అన్నీ విషమే, ఎండినా ఆ విషం పోదు. పచ్చాకు చేదుకి గేదె మూతి తిప్పుకుంటుంది. వాడిన ఆకు గడ్డిలో కలిస్తే తినేస్తుంది. అందుకే కత్తిరించిన కొమ్మల్ని గడ్డిమేటు పక్కన గాని, పశువులు తిరిగే కాలువ గట్టున గాని పడేయకండి. కొబ్బరిమట్టలతో కలిపి పొయ్యిలో పెట్టొద్దు, ఆ పొగ కూడా హానే. ఎండుపుల్లతో కూర కలపడం, పళ్ళు కుట్టుకోవడం ఎంత మాత్రం కూడదు. కొమ్మలు పెట్టిన సీసా నీళ్ళు కోళ్ళు తాగే చోట పారబోయొద్దు. మోకాలి లోతు గొయ్యి తీసి అన్నీ పాతిపెట్టండి. పూలు దేవుడికి పెట్టుకోవచ్చు, కానీ తీర్థంలో, ప్రసాదంలో పడనివ్వకండి. 2024 మేలో కేరళలో తిరువాంకూరు దేవస్వం బోర్డు నైవేద్యంలో, ప్రసాదంలో ఈ పువ్వు వాడకం ఆపేసింది. ఎవరైనా నమిలితే వాంతులు, కడుపునొప్పి, కళ్ళు తిరగడం, గుండె నెమ్మదించడం, లయ తప్పడం జరగొచ్చు. లక్షణాల కోసం ఆగకండి, ఇంటి వైద్యం చేయకండి. 108కి ఫోన్ చేసి, ఆకు ఒకటి కవరులో వేసుకుని ఆసుపత్రికి వెళ్ళండి.

లేతచిగుళ్ళ మీద పసుపురంగు పేనుబంక కనిపిస్తే గట్టిగా నీళ్ళు కొట్టి కడిగేయండి. తగ్గకపోతే లీటరు నీటికి 5 మిల్లీలీటర్ల వేపనూనె, కాస్త సబ్బునీళ్ళు కలిపి సాయంత్రం చల్లండి.

అభ్యాసం: ఒకే చెట్టు నుంచి ఇరవై కొమ్మలు తీయండి. పది పైన చెప్పిన మిశ్రమంలో, పది మీ పెరటి మట్టిలో గుచ్చి, ఒకే నీడలో పెట్టండి. 15, 30, 45 రోజులకి ప్రతి గుంపులోంచీ రెండేసి పీకి, అడుగు రంగు, వేళ్ళ సంఖ్య, పొడవు రాసుకోండి. పీకినవాటిని తిరిగి గుచ్చొద్దు, గోతిలో వేయండి. వచ్చే పాఠం కుండీ నుంచి నేలకి మార్చడం. ఆ లెక్కలు దగ్గర పెట్టుకునే చదవండి.